దూరపు కొండలు: కెనడియనులను గూర్చిన లోకాభిప్రాయాలు

‘దూరపు కొండలు నునుపు’ అని మన పెద్దలు ఏనాడో చెప్పారు. దూరదేశపు మనుషులను గూర్చి మనకు గల అభిప్రాయాలకు ఈ సామెత ఎంతవరకు వర్తిస్తుందో ఈ చిన్న వ్యాసంలో పరిశీలించదలచాము.

మా తరగతిలో ఒకనాడు ‘నేను చూడగోరు దేశం’ అనే అంశంపై వ్యాసం వ్రాయమన్నాము. పలువురు విద్యార్థులు కెనడాను ఎన్నుకొన్నారు. ఏటేటా మన తెలుగునాట నుండి ఎందరో పైచదువులకు ఆ దేశానికి వెళ్తున్నారు గనుక ఇందులో వింత లేదు. వింత మరొకచోట కన్పించింది. వ్రాసిన చేతులు వేరైనా వ్రాసిన మాటలు మాత్రం ఒక్కటే! కెనడా అంతా మంచు. అక్కడ అందరికీ ఆంగ్లంతోపాటు ఫ్రెంచి వచ్చు. కెనడియనులు మహా మర్యాదస్తులు, తప్పు తమది కాకున్నా ముందు తామే క్షమాపణ చెబుతారు. పరాయివారిని కాదనడం వారికి తెలియదు.

ఒకే అచ్చులో పోసినట్లుండే ఇటువంటి తలపులను మూసాభిప్రాయాలు అంటారు. అన్నం ఉడికినదో లేదో తెలియడానికి ఒక్క మెతుకు పట్టి చూస్తే చాలుననే తర్కమే వీటికి ఆధారం. కుండలోని మెతుకులన్నీ ఒకే నీటిలో, ఒకే మంటపై ఉడికినవి గనుక అక్కడ ఆ తర్కం చెల్లుతుంది. నాలుగు కోట్ల జనంగల దేశానికి అది చెల్లునా? ఒక్కొక్క అభిప్రాయాన్నే తీసుకొని చూద్దాం.

మంచు, భాష, ఆట

కెనడా విస్తీర్ణం సుమారు 99.8 లక్షల చదరపు కిలోమీటర్లు. ప్రపంచంలో రెండవ పెద్ద దేశం. వాయవ్య మూలనున్న యూకాన్ ప్రాంతంలో, స్నాగ్ అనే చోట 1947 ఫిబ్రవరి 3వ తేదీన ఉష్ణోగ్రత సున్నకు దిగువన 63 డిగ్రీల వరకు పడిపోయింది. కనుక చలిని గూర్చిన మాట కల్ల కాదు. కాని అదే దేశంలో, బ్రిటిష్ కొలంబియాలోని లిట్టన్ గ్రామంలో 2021 జూన్ 29వ తేదీన 49.6 డిగ్రీల వేడిమి నమోదైనది. రామగుండం, కొత్తగూడెం ఎండలెరిగిన మనకు సైతం అది భయంకరమైన అంకె. ఆ మరునాడే కార్చిచ్చు చెలరేగి ఆ గ్రామంలో అధికభాగం దగ్ధమైనది. ఇక పసిఫిక్ తీరాన ఉన్న వాంకూవరులో శీతకాలమంటే మంచుకంటె వానే ఎక్కువ. జనులు కూడ దేశమంతటా సమంగా పరచుకొని లేరు. 2016 జనగణన ప్రకారం ముగ్గురిలో ఇద్దరు అమెరికా సరిహద్దుకు నూరు కిలోమీటర్లలోపుననే నివసిస్తున్నారు. మంచుదిమ్మెలతో ఇల్లు కట్టే విద్య ఉత్తరాన నివసించే ఇన్యూయిట్ జాతివారిది. వేటకు వెళ్లినప్పుడు, శీతకాలపు మజిలీలలో వారికది ఆశ్రయం. వారి సంఖ్య 2021లో సుమారు 70 వేలు మాత్రమే. నేడు వారు కూడ మామూలు ఇండ్లలోనే నివసిస్తున్నారు.

భాష విషయానికి వస్తే, 1969లో చేసిన అధికార భాషల చట్టం వలన కేంద్ర ప్రభుత్వ వ్యవహారాలలో ఆంగ్లానికీ ఫ్రెంచికీ సమాన స్థానం లభించింది. ప్రభుత్వం రెండు భాషలు మాట్లాడినంత మాత్రాన ప్రజలందరూ మాట్లాడతారని కాదు. 2021 జనగణనలో ఆ రెండు భాషలలోను సంభాషింపగలమన్నవారు నూటికి 18 మంది. ఇక ఆట సంగతి. మన హాకీ వేరు, మంచుగడ్డపై ఆడే వారి హాకీ వేరు. ఆ ఆటపై వారికి గల మక్కువ నిజమే గాని, 1994 నాటి చట్టం దానికి శీతకాలపు జాతీయక్రీడ స్థానాన్ని మాత్రమే ఇచ్చి, వేసవి జాతీయక్రీడగా లాక్రోస్‌ను పేర్కొన్నది. ఇది ఆ నేలపై ఆదినుండి ఉన్న ఆదివాసుల ఆట.

మర్యాద మాటలో ఉన్నదా, మనసులో ఉన్నదా?

పైవన్నీ కంటికి కనబడేవి, కొలవడానికి వీలైనవి. శీలాన్ని గూర్చిన అభిప్రాయం అటువంటిది కాదు. కెనడియను మర్యాదస్తుడన్న మాటను పరీక్షించుట ఎట్లు?

ఒంటారియోలోని మెక్‌మాస్టర్ విశ్వవిద్యాలయ భాషాపరిశోధకులు ఇందుకొక మార్గం కనుగొన్నారు. కెనడియనులు, అమెరికనులు ట్విట్టరులో వ్రాసిన లక్షలాది సందేశాలను సేకరించి, ఏ దేశంవారు ఏ మాటలను అధికంగా వాడుతున్నారో లెక్కించి, 2018లో ఫలితాలను ప్రకటించారు. కెనడియనుల మాటలలో కృతజ్ఞత, ప్రశంస, సంతోషం తెలిపేవి ఎక్కువగా తేలాయి. అమెరికనుల మాటలలో కోపం, తిరస్కారం తెలిపేవి ఎక్కువ. ఆ మాటలను, అవి ఏ దేశానివో చెప్పకుండా, వేరొకరికి చూపి, ఇట్లు మాట్లాడేవాని స్వభావం ఎటువంటిదని అడుగగా, వారు లోకాభిప్రాయంలోని కెనడియనునే వర్ణించి చెప్పారు.

అయితే మూసాభిప్రాయం నిజమైనట్లేనా? ఇక్కడనే జాగ్రత్త అవసరం. 49 సంస్కృతులకు చెందిన ప్రజల స్వభావాలను పరిశీలించిన ఒక బృహత్ పరిశోధన 2005లో ‘సైన్స్’ పత్రికలో వెలువడింది. ‘మా దేశంవారు ఇటువంటివారు’ అని ప్రజలు చెప్పుకొన్న దానికి, మనుషులను విడివిడిగా పరీక్షించినపుడు తేలిన సగటు స్వభావానికి పొంతన కుదరలేదు. తమను సౌమ్యులుగా భావించుకొనే కెనడియనులు, దూకుడువారుగా పేరుపడిన అమెరికనులు ఈ పరీక్షలో దాదాపు ఒక్కటిగానే కన్పించారు.

ఈ రెండింటిని కలిపి చూస్తే మాకు తోచినది ఇది: మర్యాద ఉన్నమాట నిజం, కాని అది పలుకుబడిలో ఉన్నది. పలుకుబడి ఒక సమాజపు ఆచారం, వ్యక్తి హృదయానికి అది అద్దం కాదు. ఉర్దూ తెలిసిన మన విద్యార్థులకు ‘పహలే ఆప్’ అనే మాట కొత్త కాదు. తెలుగులో మనం ‘గారు’ చేర్చి పిలిచేవారందరిపై మనకు గౌరవమున్నదా? కెనడాలో క్షమాపణ ఎంత వాడుకైన మాట అంటే, దానికొక చట్టమే అవసరమైనది. బ్రిటిష్ కొలంబియా 2006లోను, ఒంటారియో 2009లోను చేసిన క్షమాపణ చట్టాల ప్రకారం, ‘క్షమించండి’ అన్నంత మాత్రాన ఆ వ్యక్తి తప్పును ఒప్పుకొన్నట్లు న్యాయస్థానం భావింపరాదు!

మెత్తని మాట, మూసిన తలుపు

పరాయివారిని ఆదరిస్తారన్న చివరి అభిప్రాయాన్ని చరిత్ర వెలుగులో చూడాలి. 1908లో కెనడా ప్రభుత్వం ఒక నిబంధన చేసింది. వలస వచ్చేవారు స్వదేశంనుండి ఎక్కడా ఆగక నేరుగా ప్రయాణం చేసి రావాలని దాని సారాంశం. అందులో భారతీయులన్న మాటే లేదు. చదివితే ప్రయాణ నిబంధనవలె తోస్తుంది. కాని భారతదేశంనుండి అట్లు నేరుగా వెళ్లే వసతి లేదన్న సంగతి చేసినవారికి తెలియనిది కాదు.

1914 మే 23వ తేదీన ‘కోమగాట మారు’ ఓడ 376 మంది ప్రయాణికులతో వాంకూవరు చేరింది. వారిలో అత్యధికులు సిక్కులు. ముస్లిములు, హిందువులు కూడ ఉన్నారు. అందరూ కెనడియనులవలెనే బ్రిటిష్ సామ్రాజ్య ప్రజలు. ఐనను రెండు నెలలపాటు వారిని ఓడలోనే నిలిపి, ఇరువది మందిని మించి ఏ కొద్దిమందినో తప్ప, జూలై 23న తిరుగుదారి పట్టించారు. సెప్టెంబరులో కలకత్తా సమీపాన బజ్‌బజ్ వద్ద దిగినపుడు జరిగిన పోలీసు కాల్పులలో ఇరువదిమంది వరకు ప్రయాణికులు మరణించారు. కెనడా ప్రధాని ట్రూడో ఈ ఘటనకు పార్లమెంటులో క్షమాపణ చెప్పినది 2016 మే 18న. అనగా నూట రెండేండ్లకు! ఆదివాసుల పిల్లలు లక్షన్నరమందికి పైగా తల్లిదండ్రులకు దూరమై పెరిగిన నిర్బంధ వసతి పాఠశాలల విషయమై ప్రధాని హార్పర్ 2008లో క్షమాపణ చెప్పారు.

ఇది నాణానికి ఒక వైపు. రెండవ వైపు కూడ చూడనిదే న్యాయం కాదు. 1938లో ఎడ్మంటన్ నగరంలో ఆ దేశపు మొదటి మసీదు వెలసినపుడు ఇతర మతస్థులు కూడ విరాళాలిచ్చారు. ఖురానును ఆంగ్లీకరించిన అబ్దుల్లా యూసుఫ్ అలీ ఆ ప్రారంభోత్సవంలో పాల్గొన్నారు. బహుళ సంస్కృతులను ఆదరించే విధానాన్ని 1971లో ప్రకటించి, 1988లో చట్టం చేశారు. 2021 నాటికి నూటికి 23 మంది వలస వచ్చినవారే. అట్టి దేశంలోనే 2017 జనవరి 29న క్వెబెక్ నగరపు మసీదులో ఆరుగురు కాల్పులకు బలియైనారు. ఆ మరునాటి రాత్రి మంచులో దీపాలు పట్టుకొని నిలిచిన వేలాదిమంది కూడ కెనడియనులే. కాల్చినవాడా, దీపం పట్టినవాడా, ఎవరిని మనం పట్టి చూడవలసిన మెతుకు అనాలి? ఎవరినీ అనరాదని మా నిశ్చయం.

ఫలశ్రుతి

కెనడా వెళ్లగోరే విద్యార్థులకు ఇది కేవలం పుస్తకవిషయం కాదు. మర్యాదగా మాట్లాడే దేశం కూడ తలుపు మూయగలదు. 2024 జనవరిలో విదేశీ విద్యార్థుల అనుమతులకు ఆ ప్రభుత్వం పరిమితి విధించింది. అక్కడివారి చిరునవ్వును చూసి అప్పులు చేయక, నియమాలను చదివి, ఖర్చులను లెక్కించి బయలుదేరుట మేలు. అట్లే, ఒకరు ముఖం తిప్పుకొన్నారని దేశాన్నంతటినీ ద్వేషించుట కూడ తగదు.

చివరగా ఒక స్వవిషయం. రైలు ప్రయాణాలలో మా పేరు విన్న తరువాత, అంతవరకు మాతో తెలుగులో సంభాషించిన పెద్దమనుషులే ఆశ్చర్యంతో “మీకింత చక్కని తెలుగు ఎట్లా వచ్చిందండీ?” అని అడుగుతూ ఉంటారు. ప్రశంసగానే అడుగుతారు, అందులో ద్వేషం లేదు. ఐనను ఆ ప్రశ్న మమ్ము ఒక క్షణం మా భాషకే పరాయివారిని చేస్తుంది. మెచ్చుకొనే మూస కూడ మూసయే. అది మనిషిని చూడనీయదు. ఈ సంగతి అనుభవంలో తెలిసిన మనం, ఎన్నడూ చూడని కెనడియనునైనా, మన బల్లమీద ప్రక్కనే కూర్చున్న సహపాఠినైనా మూసలో పోయకుండా చూడడం నేర్చుకొన్ననాడు మన చదువు సార్థకమవుతుంది.