పెంటకుప్పలో పుట్టే కొమ్ము పురుగు

పాడి ఉన్న ఇంట పెంటకుప్ప తప్పదు. కోనసీమలోను, ఉద్దానంలోను ఆ కుప్పకు నాలుగు బారల దూరంలోనే కొబ్బరిచెట్లు కూడా ఉంటాయి. అక్కడి పాలసంఘాల సభ్యులలో చాలామంది ఇంటికి పాలడబ్బు ఒక చేతి నుంచి, కాయల డబ్బు మరొక చేతి నుంచి వస్తున్నది. అయితే మొదటి ఆదాయంతోపాటు వచ్చే పేడే రెండవ ఆదాయాన్ని తినివేసే పురుగుకు పురిటిల్లు అవుతున్నది. ఆ పురుగే కొమ్ము పురుగు. దీనిని చెట్టు మీద పట్టుకోవడం కష్టం, కుప్పలో పట్టుకోవడం తేలిక. ఈ పాఠంలో ముఖ్యంగా నేర్చుకోవలసినది ఇదే.

పురుగును గుర్తించడం

కొమ్ము పురుగు నల్లగా గాని, ముదురు గోధుమ రంగులో గాని ఉండే లావుపాటి పెంకు పురుగు. పొడవు 4 నుంచి 5 సెంటీమీటర్లు. తలమీద ఖడ్గమృగానికి వలె ఒక కొమ్ము ఉంటుంది. మగదాని కొమ్ము పొడవు, ఆడదానిది పొట్టి. ఆడ పురుగు పొట్ట చివర ఎర్రని నూగు దట్టంగా కనిపిస్తుంది. ఇది పగలు దాగి ఉండి రాత్రి ఎగురుతుంది, దీపాల దగ్గరకు వస్తుంది.

చెట్టుకు చెరుపు చేసేది రెక్కలు వచ్చిన ఈ పెద్ద పురుగే. ఇది మొవ్వలోనికి తొలుచుకొనిపోయి, ఇంకా విచ్చుకోని లేత ఆకును నమిలి రసం పీల్చి, పిప్పిని బయటకు నెట్టివేస్తుంది. కొన్నాళ్ళకు ఆ ఆకు విచ్చుకున్నప్పుడు కత్తెరతో కత్తిరించినట్లు కోతలు కనిపిస్తాయి. విచ్చుకోని పొత్తిని తొలిస్తే ఆ గెల పోయినట్లే. చిన్నమొక్కలో పెరిగే మొగ్గ దెబ్బతింటే మొక్కే చచ్చిపోతుంది. ఇంతటితో నష్టం ఆగదు. కొమ్ము పురుగు చేసిన గాయం దగ్గరకు ఎర్రముక్కు పురుగు వచ్చి గుడ్లు పెడుతుంది. మొవ్వకుళ్ళు తెగులుకు కూడా ఆ గాయం దారి ఇస్తుంది. ఈ రెండూ పెద్ద చెట్టును సైతం చంపగలవు.

కుప్పలో దాని కాపురం

ఆడ పురుగు గుడ్లు పెట్టడానికి చెట్టును కోరదు. చివికిన పేడ, ఆకుచెత్త, కుళ్ళిన కొబ్బరి మొద్దు, రంపపు పొట్టు వంటివాటిని వెతుక్కుంటుంది. తన జీవితకాలంలో యాభైకి పైగా, ఒక్కొక్కప్పుడు వందకు పైగా గుడ్లు పెడుతుంది. పది రోజులకు అటూ ఇటూగా గుడ్డు పగిలి తెల్లని పిల్లపురుగు బయటకు వస్తుంది. ఇది వంకర తిరిగి సున్న చుట్టినట్లు ముడుచుకొని ఉంటుంది. తల గోధుమరంగు. మూడు, నాలుగు నెలలు పేడను తింటూ మనిషి బొటనవేలంత లావు అవుతుంది. తరువాత మూడు, నాలుగు వారాలు నిద్రావస్థలో ఉండి, రెక్కలు వచ్చిన పురుగుగా మారి తోటలోనికి ఎగిరిపోతుంది.

ఇప్పుడు లెక్క చూడండి. గుడ్డు నుంచి రెక్కల పురుగు వరకు సుమారు అయిదారు నెలలు. మనలో చాలామంది ఎరువును ఏడాదికి ఒక్కసారి, వేసవిలో పొలానికి తోలుతారు. ఒక వేసవి నుంచి మరుసటి వేసవి వరకు కదలకుండా ఉన్న కుప్పలో రెండు తరాల పురుగులు పుట్టి పెరగడానికి కావలసినంత గడువు ఉన్నది. అదే కుప్పను రెండు నెలలకొకసారి తిరగవేస్తే ఏ తరమూ రెక్కలు తొడగలేదు. ఖర్చు లేని ఈ పని ఒక్కటే సగం నివారణ.

పిల్లపురుగును చూచి పేడ పురుగు అని వదలివేయరాదు. పేడను ఉండలుగా చేసి దొర్లించుకొనిపోయే పేడ పురుగు వేరు, అది నేలకు మేలు చేసేది.

సముద్రం దాటిన పురుగు

ఈ పురుగు మన దేశానికి, సింహళానికి, ఆగ్నేయాసియాకు పాతకాపు. ఇక్కడ దానికి సహజ శత్రువులు ఉన్నారు. కొత్తచోటికి వెళ్ళినప్పుడు దాని విజృంభణ ఎట్లా ఉంటుందో పసిఫిక్ దీవులు చూశాయి. 1909లో సింహళం నుంచి రబ్బరు మొక్కలతోపాటు సమోవా దీవులకు చేరింది. అక్కడినుంచి దీవి తరువాత దీవిగా పాకింది. 1963లో హ్యూగర్ అనే శాస్త్రజ్ఞుడు మలేషియాలో ఈ పురుగుకు సోకే ఒక వైరస్‌ను కనుగొన్నాడు. 1967లో దానిని సమోవాలో వదలగా పురుగుల సంఖ్య బాగా తగ్గింది. మన లక్షద్వీపాలలోని మినికాయ్‌లో కూడా 1983లో ఆ వైరస్‌ను ప్రవేశపెట్టారు.

ఇంతటితో కథ ముగియలేదు. 2007లో గువాం దీవిలో బయటపడిన పురుగు ఆ వైరస్‌కు లొంగని రకం. 2013లో అది హవాయిలోని ఒవాహు దీవిలో కనిపించింది. అక్కడి ప్రభుత్వం కంపోస్టును, చివికిన చెట్టుచెత్తను ఒవాహు నుంచి ఇతర దీవులకు తీసుకొనిపోకుండా 2022లో కట్టడి చేసింది. అంటే ఆ దేశంవారు కూడా చివరకు కుప్ప దగ్గరకే వచ్చారు. వైరస్ సాయం చేయవచ్చు, చేయకపోవచ్చు. పురుగు పుట్టే చోటును చూసుకోవడం మాత్రం ఎక్కడైనా తప్పదు.

కుప్ప దగ్గర చేయవలసిన పనులు

1. పేడను ఇష్టం వచ్చినచోట పోయకుండా గుంట తీసి అందులోనే వేయండి. నాలుగుచోట్ల నాలుగు కుప్పలు ఉంటే నాలుగింటినీ వెతకవలసి వస్తుంది.

2. రెండు నెలలకొకసారి కుప్పను అడుగువరకు పారతో తిరగవేయండి. కనిపించిన పిల్లపురుగులను ఏరి చంపండి. కోళ్ళను వదలితే అవే ఏరుకొని తింటాయి.

3. మెటారైజియం అనే పచ్చ బూజు మందును కుప్పలో కలపండి. ఇది పిల్లపురుగులకు జబ్బు తెచ్చే శిలీంధ్రం. చచ్చిన పురుగు మొదట తెల్లబడి, తరువాత ఆకుపచ్చని బూజు పడుతుంది. బూజు వ్యాపించడానికి కుప్పలో తడి ఉండాలి. మోతాదు పొట్లం మీద చెప్పిన ప్రకారం వాడండి. సంగతులు తెలుసుకొనడానికి కోనసీమవారికి అంబాజీపేట ఉద్యాన పరిశోధన స్థానం దగ్గరలోనే ఉన్నది.

4. పాత చేపల వల ఉంటే కుప్పపై వదులుగా కప్పండి. గుడ్లు పెట్టడానికి దిగే పురుగులు, లోపలినుంచి ఎగిరిపోయే పురుగులు కొమ్ములు, కాళ్ళు చిక్కుకొని దొరికిపోతాయి. గువాంలో కంపోస్టు కుప్పలపై ఈ పద్ధతి పనిచేసింది. పశువులు, కోళ్ళు వలలో చిక్కుకొనకుండా చూడండి.

5. గోబర్ గ్యాసు ఉన్నవారు పచ్చిపేడను కుప్ప వేయనక్కరలేదు. అయితే బయటకు వచ్చిన మడ్డిని ఎండబెట్టి నెలల తరబడి పోగువేస్తే అక్కడా పురుగు చేరుతుంది.

6. పడిపోయిన, చచ్చిన కొబ్బరి మొద్దులను తోటలో కుళ్ళనివ్వకండి. 1996 నవంబరు తుఫాను కోనసీమలోను, 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను ఉద్దానంలోను లెక్కలేనన్ని చెట్లను కూల్చివేశాయి. అటువంటి సమయంలో మొద్దులు తీయడం ఆలస్యమైతే, మిగిలిన చెట్లకు పురుగు రూపంలో రెండవ దెబ్బ పొంచి ఉంటుంది.

చెట్టు దగ్గర చేయవలసిన పనులు

కాయలు దింపే మనిషి చెట్టు ఎక్కినప్పుడల్లా మొవ్వను చూడమని చెప్పండి. తాజా పిప్పి కనిపిస్తే ఇనుప కొక్కెంతో పురుగును బయటకు లాగి చంపాలి. వేపపిండి పావుకిలో, అంతే ఇసుక కలిపి, మొవ్వ చుట్టూ ఉన్న పై మట్టల మొదళ్ళలో ఏడాదికి మూడుసార్లు వేయాలి. ఆముదపు పిండి కిలోకు అయిదు లీటర్ల నీరు పోసి నానబెట్టి, కుండలలో తోటలో ఉంచితే ఆ వాసనకు పురుగులు వచ్చి పడతాయి. కుండలను మేకలకు, దూడలకు అందకుండా పెట్టండి. ఆముదపు పిండి పశువులకు విషం.

లింగాకర్షక బుట్టలు కూడా ఉన్నవి. కాని ఒక్కరే బుట్ట కడితే చుట్టుపక్కల పురుగులన్నీ ఆ తోట వైపే రావచ్చు. ఊరంతా కలిసి కట్టినప్పుడే వాటివల్ల మేలు.

చేయకూడనిది

వెనుకటి రోజులలో పెంటకుప్పపై బి.హెచ్.సి. పొడి చల్లమని చెప్పేవారు. తరువాత కార్బరిల్ పొడి వచ్చింది. బి.హెచ్.సి.ని 1997లోను, కార్బరిల్‌ను 2018లోను మన దేశంలో నిషేధించారు. ఇంటిలో పాత డబ్బా ఉన్నా వాడరాదు. బి.హెచ్.సి. వంటి మందులు మేతద్వారా పశువు ఒంటిలో చేరి, కొవ్వులో నిలిచి, పాలలోని వెన్నతోపాటు బయటకు వస్తాయి. ఆ పాలు ముందు తాగేది మన పిల్లలే. కొబ్బరిచెట్ల నడుమ గడ్డి పెంచి గేదెలకు కోసివేసేవారు ఏ మందు చల్లేముందైనా ఈ సంగతి తలచుకోవాలి.

సంఘం చేయగల పని

కొమ్ము పురుగుకు గట్టు తెలియదు. మీరు కుప్ప తిరగవేసి, పక్కింటివారు వేయకపోతే వారి కుప్పలోని పురుగు మీ మొవ్వలో వాలుతుంది. మీరు వేయకపోతే మీ పురుగు వారి చెట్టుకు పోతుంది. పాడి లేక ఒక్క కొబ్బరితోటనే నమ్ముకున్న ఇంటివారు చేయని తప్పుకు నష్టపోతారు. కాబట్టి ఇది ఒకరి పని కాదు. ఉదయం, సాయంకాలం ఊరివారంతా పాలకేంద్రం దగ్గర కలుస్తారు. ఇంత చక్కని కూడలి ఊరిలో మరొకటి లేదు. రెండు నెలలకొకసారి ఒక ఆదివారాన్ని కుప్పలు తిరగవేసే రోజుగా సంఘం నిర్ణయించి, ముందు వారమే పలకమీద రాసిపెట్టవచ్చు. మెటారైజియం అందరికీ కలిపి తెప్పించవచ్చు. మనిషి లేని ఇళ్ళకు, ముసలివారికి పారపని సాయం ఏర్పాటు చేయవచ్చు.

సమావేశంలో చర్చించవలసిన ప్రశ్నలు

1. మన ఊరిలో ఆరునెలలకు పైగా కదలని కుప్పలు ఎన్ని ఉన్నవి?

2. కుళ్ళుతున్న కొబ్బరి మొద్దులు ఎవరి స్థలంలో, ఎక్కడ ఉన్నవి? వాటిని తొలగించే పూచీ ఎవరిది?

3. కుప్పలో దొరికిన పిల్లపురుగు ఎన్ని వారాలలో రెక్కలు తొడుగుతుంది? అంతలోపల మనం ఏమి చేయాలి?

4. మొదటి ఆదివారం ఏది?