గడ్డకట్టని నెత్తురు

గాయమైన చోట నెత్తురు కొంతసేపు కారి, తనంత తానే నిలిచిపోవడం మనం చిన్ననాటి నుండి చూస్తున్నదే. నిత్యం చూచేది గనుక అందులోని అద్భుతాన్ని గుర్తించము. నాళంలో ఉన్నంతసేపు రక్తం ద్రవంగా ప్రవహించాలి. నాళం తెగిన మరుక్షణం, తెగిన ఆ చోట మాత్రమే గడ్డకట్టాలి. ఈ రెండు ధర్మాల సమతూకం మీదనే ప్రాణం నిలిచి ఉన్నది. ఆ తూకం చెడినప్పుడు ఏమగునో తెలిసికొనడం ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ప్రాంతాల రైతు బిడ్డలకు కేవలం పాఠ్యవిషయం కాదు, ఇంటి విషయం.

సహజ స్కందనం

నాళం తెగగానే రక్తఫలకికలు అచ్చటికి చేరి అంటుకొంటాయి. ఒక ఘన మిల్లీమీటరు రక్తంలో ఇవి సుమారు లక్షన్నర నుండి నాలుగున్నర లక్షల వరకు ఉంటాయి. పిదప రక్తంలో నిద్రాణంగా ఉన్న స్కందన కారకాలు వరుసగా ఒకదానినొకటి మేల్కొలుపుతాయి. వీటిలో అధికభాగం కాలేయంలో తయారైనవే. చివరకు త్రాంబిన్ అనే పదార్థం పుట్టి, రక్తంలో కరిగి ఉన్న ఫైబ్రినోజన్‌ను ఫైబ్రిన్ దారాలుగా మారుస్తుంది. ఆ దారాల వలలో రక్తకణాలు చిక్కుకొని గడ్డ ఏర్పడుతుంది.

తూకం చెడినప్పుడు

ఈ క్రియ ఒక్క గాయం వద్ద గాక శరీరమంతటా ఒకేసారి ఆరంభమైతే దానిని రక్తనాళాంతర వ్యాప్త స్కందనం అంటారు. వైద్యుల వాడుకలో దాని పేరు డి.ఐ.సి. ఇది స్వతంత్ర వ్యాధి కాదు. మరొక ఆపద వెంట వచ్చే ఆపద. సూక్ష్మజీవుల వలన కలిగే సెప్సిస్, కాన్పుకు ముందే మాయ విడిపోవడం, తీవ్రమైన గాయాలు, కొన్ని క్యాన్సర్లు దీనికి ముఖ్య కారణాలు.

ఒక ఉపమానం చెప్పుకొందాం. చెరువుకట్ట తెగితే వేయడానికి ఊరివారు ఇసుక బస్తాలు దాచి ఉంచారు. ఎవరో అంతటా గండ్లు పడినవని కేక వేశారు. జనం పరుగెత్తి బస్తాలన్నీ పంట కాలువలలో వేశారు. నీరందక పొలాలు ఎండినవి. తరువాత కట్ట నిజంగా తెగినప్పుడు వేయడానికి ఒక్క బస్తా కూడా మిగలలేదు. డి.ఐ.సి. యందు జరిగేది ఇదే. సన్నని నాళాలలో గడ్డలు నిండి మూత్రపిండాలు, ఊపిరితిత్తులు దెబ్బతింటాయి. ఫలకికలు, కారకాలు ఖర్చయిపోయి, సూది గుచ్చిన చోట సైతం నెత్తురు ఆగదు. అధికంగా గడ్డకట్టుటయే అధిక రక్తస్రావానికి కారణమగుట ఇందలి విచిత్రం.

మన పొలాలలో

దీనికి దగ్గరి చుట్టమైన స్థితి మన వేరుసెనగ చేలలో, చీనీ తోటలలో పొంచి ఉన్నది. అది రక్తపింజర కాటు. ఈ పాము విషం ఐదవ, పదవ స్కందన కారకాలను నేరుగా మేల్కొలుపుతుంది. కొద్ది గంటలలోనే ఫైబ్రినోజన్ హరించిపోతుంది. అవయవాల నిండా గడ్డలు ఏర్పడడం ఇందులో అంతగా కనిపించదు గనుక, నేటి శాస్త్రజ్ఞులు దీనిని అసలైన డి.ఐ.సి. నుండి వేరుచేసి చెబుతారు. ఫలితం మాత్రం అంతే భయంకరం: చిగుళ్ళ నుండి నెత్తురు, మూత్రంలో నెత్తురు, మూత్రపిండాల వైఫల్యం.

ఈ పామును శాస్త్రలోకానికి పరిచయం చేసినది ఆంధ్రదేశమే. విశాఖపట్నంలో ఉండిన ప్యాట్రిక్ రస్సెల్ అనే వైద్యుడు కోరమాండల్ తీరపు పాములపై 1796లో ప్రచురించిన గ్రంథంలో దీనిని కాటుక రేకుల పొడ అనే తెలుగు పేరుతోనే నమోదు చేశాడు. పొడ అనగా మచ్చ.

భారతదేశంలో 2000 నుండి 2019 వరకు పాముకాటు వలన సుమారు 12 లక్షల మంది మరణించిరని 2020లో వెలువడిన ఒక పరిశోధన అంచనా. అధికంగా నష్టపోయిన రాష్ట్రాలలో మనదీ ఒకటి.

గాజు గొట్టం పరీక్ష

రోగి సిర నుండి 2 మిల్లీలీటర్ల రక్తం తీసి, శుభ్రమైన పొడి గాజు గొట్టంలో పోసి 20 నిమిషాలు కదపక ఉంచి, తరువాత వంచి చూస్తారు. గడ్డకట్టక జారితే విషం రక్తాన్ని చెరచినదని అర్థం. గొప్ప యంత్రాలు లేని ఆసుపత్రిలోను చేయదగిన పరీక్ష ఇది.

చికిత్స పాముకాటు విరుగుడు మందు. నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర విషాలు నాలుగింటికి అది ఒక్కటే. విషం విరిగినా కాలేయం కొత్త కారకాలను తయారుచేయడానికి గంటలు పడుతుంది. అందువలన ఆరు గంటలకు మరల పరీక్షిస్తారు. డి.ఐ.సి. యందు కూడా సూత్రమిదే: మూలకారణాన్ని తొలగించనిదే ప్లాస్మా, ఫలకికలు ఎన్ని ఎక్కించినా కాలువలో వేసిన బస్తాలే అగును.

మన కర్తవ్యం

గడ్డకట్టని రక్తం గలవానికి కాటుచోట కోత పెడితే ఆ గాయమే ప్రాణాంతకం కావచ్చు. గట్టిగా కట్టు బిగిస్తే అవయవమే చెడవచ్చు. మంత్రానికి, పసరుకు పోయిన ప్రతి గంటా విషానికి ఇచ్చిన గడువు. కాటుపడిన కాలిని కదపక, రోగికి ధైర్యం చెప్పి, 108 వాహనంలోనో దొరికిన మరే వాహనంలోనో విరుగుడు మందు ఉన్న ఆసుపత్రికి వెంటనే చేర్చాలి. రాత్రివేళ పొలానికి పోయేవారు చెప్పులు, టార్చిలైటు మరువరాదు.

ఉర్దూలో ఖూన్ అన్నా, తెలుగులో నెత్తురు అన్నా గాజు గొట్టంలో అది ఒకే ధర్మాన్ని పాటిస్తుంది. విద్యార్థులారా! చదువుకొన్న ఈ నాలుగు మాటలను సెలవులలో మీ ఊరి రచ్చబండ దగ్గర మీ పెద్దలకు వినిపించండి. వానకాలం రాకముందే వినిపించండి.