దూబగుంట నేర్పిన పాఠం



లెక్కల మాస్టారు బోర్డు మీద ఒక కొత్త లెక్క చేసి చూపించి, "అందరికీ అర్థమైందా?" అని అడుగుతారు. మీకు అర్థం కాలేదు. చెయ్యి ఎత్తుదామని చుట్టూ చూస్తారు. ఎవరి చెయ్యీ లేవలేదు. "అందరికీ వచ్చేసినట్టుంది, నాకే రాలేదు" అనుకుని మీరు కూడా తల ఊపేస్తారు. యూనిట్ టెస్టు పేపర్లు దిద్దినప్పుడు అసలు సంగతి బయటపడుతుంది. సగం తరగతికి ఆ లెక్క రాలేదు. ఆ రోజు ప్రతివాళ్ళూ పక్కవాళ్ళని చూసే చెయ్యి దించుకున్నారన్నమాట.

ఇది తరగతి గదిలో జరిగితే నాలుగు మార్కులు పోతాయి. ఒక ఊళ్ళో, ఒక సమాజంలో జరిగితే ఏళ్ళ తరబడి అన్యాయం సాగిపోతుంది. అది ఎలా సాగుతుందో, ఎలా ఆగుతుందో ఈ పాఠంలో చూద్దాం.

ఒక చిన్న ప్రయోగం

1950ల మొదట్లో అమెరికాలో సాలమన్ ఆష్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఒక ప్రయోగం చేశారు. ఒక కార్డు మీద ఒక గీత, ఇంకో కార్డు మీద మూడు గీతలు ఉంటాయి. ఆ మూడింటిలో మొదటి గీతంత పొడవున్నది ఏది? ఎవరైనా చెప్పగలిగే ప్రశ్నే. గదిలో కొందరు కూర్చున్నారు. వాళ్ళలో ఒక్కరు తప్ప మిగిలినవాళ్ళంతా ఆష్ మనుషులే. కొన్నిసార్లు కావాలనే అందరూ ఒకే తప్పు జవాబు చెప్పాలని వాళ్ళతో ముందే అనుకున్నారు. ఆ ఒక్కరికి మాత్రం ఈ సంగతి తెలియదు.

అలా అందరూ తప్పు చెప్పిన సందర్భాలలో, అసలు పరీక్షకు వచ్చినవాళ్ళ జవాబులు దాదాపు మూడింట ఒక వంతు ఆ తప్పునే అనుసరించాయి. గీతలు కళ్ళ ముందు స్పష్టంగానే ఉన్నాయి. అయినా అందరికీ ఎదురు చెప్పడానికి నోరు రాలేదు.

తర్వాత ఆష్ ఒక చిన్న మార్పు చేశారు. తన మనుషుల్లో ఒకరిని సరైన జవాబు చెప్పమన్నారు. ఆ ఒక్క గొంతు తోడు దొరకగానే తప్పుకి తల ఊపడం బాగా తగ్గిపోయింది. అవతల ఇంకా ఎక్కువమందే ఉన్నారు. అయినా "నేను ఒంటరిని కాను" అని తెలియడంతోనే మనిషికి ధైర్యం వచ్చింది.

రాత్రిబడిలో కథ

ఇప్పుడు మన నెల్లూరు జిల్లాకు వద్దాం. 1990వ దశకం మొదట్లో ఆ జిల్లాలో పెద్ద ఎత్తున అక్షరాస్యతా ఉద్యమం సాగింది. పగలంతా కూలికి వెళ్ళిన ఆడవాళ్ళు పని ముగించుకుని పలకలు పట్టుకుని కూర్చునేవారు. దూబగుంట కూడా అలాంటి ఒక ఊరు.

ఆ రోజుల్లో సారా అమ్మే హక్కును ప్రభుత్వం వేలం వేసేది. ఈ వేలాలనే జనం సారా పాటలు అనేవారు. పాట పాడుకున్న కాంట్రాక్టరు ఊరూరా సారా అమ్మించేవాడు. ప్రభుత్వానికి రాబడి, కాంట్రాక్టరుకు లాభం. మగవాళ్ళ కూలి డబ్బులు ఇంటికి చేరకముందే సారా కొట్టులో ఖర్చయిపోయేవి. ఇంట్లో పొయ్యి వెలిగేది కాదు. పైగా దెబ్బలు.

ఇదంతా ఊళ్ళో ఎవరికి తెలియదు? అందరికీ తెలుసు. కానీ ఎవరూ అనేవారు కాదు. "ఇంటిగుట్టు లంకకు చేటు" అని మనకు సామెత ఉంది కదా! మొగుడు తాగి వస్తే అది తన తలరాత అని ఎవరికి వారే అనుకుని తలుపు వేసుకునేవారు.

అక్షరాలు నేర్పే వాచకంలో సీతమ్మ అనే ఒక పేదరాలి కథ ఉంది. భర్త తాగుడు వల్ల ఆమె పడిన కష్టాల కథ. చదువుకునేవాళ్ళు దాని గురించి మాట్లాడుకోవడం మొదలుపెట్టారు. సీతమ్మ గురించి మాట్లాడటం తేలిక. అక్కడ ఎవరి ఇంటిగుట్టూ బయటపడదు. అలా మాట్లాడుతూ మాట్లాడుతూ ఒకరు "మా ఇంట్లోనూ అంతే" అన్నారనుకోండి, రెండోవారికి, మూడోవారికి నోరు పెగులుతుంది. ఊళ్ళో ప్రతి ఇంటికీ ఒకే తలరాత ఉంటే, అది తలరాత కాదని, ఎవరో పెట్టిన కొట్టు అని అర్థమవుతుంది.

దూబగుంట ఆడవాళ్ళు కలిసి వెళ్ళి తమ ఊళ్ళో సారా అమ్మకాన్ని ఆపించారు. వాళ్ళలో ముందు నిలిచినామె రోశమ్మ. తర్వాతి రోజుల్లో ఆ ఊరి పేరే ఆమెకు ఇంటిపేరు అయిపోయింది. దూబగుంట రోశమ్మ అంటేనే రాష్ట్రమంతా గుర్తుపట్టేది. వాళ్ళ కథ మరో వాచకంలో పాఠంగా వచ్చి, ఊరూరి రాత్రిబళ్ళకూ చేరింది. సుమారు 5000 గ్రామాల ఆడవాళ్ళు సభలు పెట్టుకుని, తీర్మానాలు రాసి కలెక్టరుకు పంపారు. జిల్లాలో సారా పాటలు 17 సార్లు వాయిదా పడ్డాయి. 1993 అక్టోబరు 1 నుంచి నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ అంతటా సారాను నిషేధించారు. 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది.

అధికారం ఎక్కడ ఉంది?

కాంట్రాక్టరు చేతిలో డబ్బుంది, మనుషులున్నారు, ప్రభుత్వం ఇచ్చిన కాగితం ఉంది. ఆడవాళ్ళ చేతిలో పలకలు ఉన్నాయి. మరి ఎలా గెలిచారు?

పాట పాడే మనిషి కావాలి, కొట్టు పెట్టే చోటు కావాలి, ఊరు ఊరుకోవాలి. ఈ మూడూ ఉంటేనే కాంట్రాక్టరు అధికారం నడుస్తుంది. మూడోది ఆడవాళ్ళ మౌనం మీద ఆధారపడి ఉంది. దాన్ని వాళ్ళు వెనక్కి తీసుకున్నారు. అప్పుడు మొదటి రెండూ కష్టమైపోయాయి.

అయితే కథ ఇక్కడితో సుఖాంతం కాలేదు. రాబడి తగ్గిందని, పక్క రాష్ట్రాల నుంచి దొంగచాటుగా మద్యం వస్తోందని చెప్పి 1997లో సంపూర్ణ నిషేధాన్ని సడలించారు. సారాపై నిషేధం మాత్రం కొనసాగింది. ఒకసారి గెలిచినదాన్ని నిలబెట్టుకోవడానికి మళ్ళీ మళ్ళీ కూడాలి. అది కూడా ఈ పాఠంలో భాగమే.

మన తరగతి గదిలో

మనం బదిలీల మీద తిరిగేవాళ్ళం. రెండు మూడేళ్ళకోసారి పెట్టెలు సర్దుకుంటాం, కొత్త బడిలో కొత్త బెంచీ మీద కూర్చుంటాం. అందుకే ఒక సంగతి మీకు చెప్పాలి.

కొన్నేళ్ళ కిందట ఉత్తరాదిన ఒక బడిలో మేము ఎనిమిదో తరగతికి క్లాస్ టీచరుగా ఉండేవాళ్ళం. జూలైలో కోస్తా నుంచి ఒక తెలుగు అబ్బాయి వచ్చి చేరాడు. హిందీలో పుస్తకం ఆడలింగం. అతను "మేరా కితాబ్" అన్నాడు. తరగతి గొల్లుమంది. మేమూ చిన్నగా నవ్వాం. ఆ తర్వాత ఆ అబ్బాయి హాజరు పిలిచినప్పుడు తప్ప నోరు విప్పలేదు.

డిసెంబరులో మాకు బుద్ధి వచ్చింది. పేర్లు రాయకుండా చీటీల మీద జవాబు రాయమన్నాం: "ఆ రోజు మీకు నిజంగా నవ్వొచ్చిందా?" చాలా చీటీల మీద ఒకటే మాట. లేదు, అందరూ నవ్వారు కాబట్టి నవ్వాను. ఆ చీటీలన్నీ పైకి చదివాం. మా చీటీ కూడా చదివాం. తరగతి నిశ్శబ్దమైపోయింది. మర్నాడు ఒక అమ్మాయి తన బెంచీ వదిలి వచ్చి అతని పక్కన కూర్చుంది. ఫిబ్రవరికల్లా అతను పాఠం చదవడానికి లేచి నిలబడుతున్నాడు. మార్చిలో వాళ్ళ నాన్నగారికి బదిలీ అయింది.

అతను మా బడిలో ఉన్నది తొమ్మిది నెలలు. అందులో ఐదు నెలలు మౌనంగానే గడిచాయి. ఆ ఐదు నెలలూ మా ఖాతాలోవే. తరగతిలో అందరికంటే ఎక్కువ అధికారం ఉన్నది టీచరుకు. మొదటి రోజే మేము నవ్వకుండా ఉంటే సరిపోయేది.

మీ తరగతిలోకి రేపో ఎల్లుండో ఒక కొత్త పిల్లో పిల్లవాడో వస్తారు. ఎవరో నవ్వుతారు. అప్పుడు తరగతి అంతటినీ మార్చాల్సిన పని మీకు లేదు. మీరు నవ్వకండి. వెళ్ళి పక్కన కూర్చోండి. రెండో మనిషి మీ వెనకే వస్తారు.

ఆలోచించండి, రాయండి

1. దూబగుంటలో అందరికీ తెలిసిన విషయాన్ని ఎవరూ ఎందుకు పైకి అనలేదు?
2. సీతమ్మ కథ గురించి మాట్లాడటం, సొంత ఇంటి గురించి మాట్లాడటం కంటే ఎందుకు తేలిక?
3. ఆష్ ప్రయోగంలో ఎక్కువమంది చెప్పినది తప్పు. అయితే గుంపు ఎప్పుడు సరైనదో, ఎప్పుడు కాదో ఎలా తెలుసుకుంటాం?
4. మీ బడిలో అందరికీ ఇబ్బందిగా ఉన్నా ఎవరూ అడగని విషయం ఒకటి రాయండి. మీ పేరు రాయనక్కర్లేదు.

పదాలు – అర్థాలు

సారా: నాటు పద్ధతిలో కాచిన మద్యం
పాట: ఇక్కడ వేలం అని అర్థం
ఇంటిగుట్టు: ఇంట్లో దాచుకునే సంగతి
నోరు పెగలడం: ఎంతో కష్టం మీద మాట బయటికి రావడం
సడలించడం: పట్టు కొంత వదలడం