అలేఖ్యా? ఆలేఖ్యా?

మన గణపవరం చుట్టుపక్కల పాత పేర్లకు అర్థం వెతకనక్కరలేదు. భీమవరం మావుళ్ళమ్మ పేర మావుళ్ళు, ద్వారకాతిరుమల వెంకన్న పేర వెంకాయమ్మ. ఇప్పటి పేర్లు అలాకాదు. చెవికింపుగా ఉంటే చాలు. "అలేఖ్య" అటువంటిదే.

సంస్కృతంలో "లిఖ్" ధాతువుకు గీయడం, రాయడం అని అర్థం. "ఆ" అనే ఉపసర్గ చేరితే ఆలేఖ్యం, అంటే చిత్తరువు. నిఘంటువులకెక్కిన పాతమాటే ఇది. నిషేధార్థకమైన "అ" చేరితే అలేఖ్యం, అంటే రాయరానిది. బొమ్మలాంటి పిల్ల అని ముచ్చటపడి పెట్టినా, దీర్ఘం పోతే అర్థం తిరగబడుతుందన్నమాట!

"రాతకందని అందం" అని సమర్థించుకోవచ్చు, తప్పులేదు. కాని పేరు బతుకంతా మోయవలసింది పిల్ల. కనుక బడి రిజిస్టరులో ఎక్కించకముందే ఏ అర్థం కావాలో తేల్చుకుని, ఆ దీర్ఘం సంగతి చూసుకోవడం పెద్దల బాధ్యత.