హెబియస్ కార్పస్ వేయాలంటే ముందు అఫిడవిట్ రాయడం రావాలి

"రాత్రి మా వాణ్ణి మఫ్టీలో వచ్చి తీసుకెళ్లారండీ, ఏ స్టేషన్లో పెట్టారో చెప్పడం లేదు" అంటూ ఒక తల్లి ఆఫీసు మెట్లెక్కితే, ఆమెతో ముందు ఏం మాట్లాడాలో తెలిసిన లాయర్లు మనకు ఇంకా కావాలి. బెజవాడలో పటమట, కానూరు, ఆటోనగర్ వైపు నుంచి లా చదవాలనుకునే పిల్లలకు నేను గట్టిగా చెప్పేది ఒకటే. ఈ పనికి వాగ్ధాటితో అవసరం తక్కువ. ఎదుటి మనిషి చెప్పింది ఓపికగా విని, గంటల వారీగా కాగితం మీద పెట్టగలగాలి.

అరెస్టు చేసిన మనిషిని, ప్రయాణ సమయం పోను, 24 గంటల్లోగా మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలని రాజ్యాంగం 22వ అధికరణ చెబుతోంది. అలా చేయకపోతే, మనిషిని కోర్టు ముందుకు తెమ్మని కోరే హెబియస్ కార్పస్ పిటిషన్‌ను 226వ అధికరణ కింద కుటుంబసభ్యులే హైకోర్టులో వేయవచ్చు. అత్యవసరమైతే అదే రోజు వినాలని లంచ్ మోషన్, సెలవు రోజైతే జడ్జి ఇంటి దగ్గరే వినాలని హౌస్ మోషన్ అడుగుతారు. 2019లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు అమరావతికి వచ్చాక బెజవాడ కుటుంబాలకు హైదరాబాదు ప్రయాణం తప్పింది.

అసలు పనంతా అఫిడవిట్‌లోనే ఉంది. 'అక్రమంగా నిర్బంధించారు' అని రాసి ఊరుకుంటే నిలబడదు. ఏ తేదీ, ఎన్ని గంటలకు? ఇంటి నుంచా, బెంజి సర్కిల్ దగ్గర దుకాణం నుంచా? ఎంతమంది వచ్చారు, బండి నంబరు ఎవరైనా చూశారా? తర్వాత స్టేషనుకు వెళ్లిందెవరు, ఏం చెప్పి తిప్పి పంపారు? కమిషనర్‌కు పంపిన ఫిర్యాదు తాలూకు రిజిస్టర్డ్ పోస్టు రసీదు ఉందా? ఇన్ని ఎందుకంటే, మేం తీసుకురాలేదు అనో, ఫలానా రోజు అరెస్టు చేసి రిమాండుకు పంపేశాం అనో పోలీసుల నుంచి జవాబు రావచ్చు. సరైన రిమాండు ఉత్తర్వు ఉంటే పిటిషన్ మామూలుగా అక్కడితో ముగుస్తుంది. అయినా మీరు రాసిపెట్టిన ఆ గంటలు వృథా కావు, బెయిలు దగ్గరా పరిహారం దగ్గరా అక్కరకొస్తాయి. స్టేషన్లలో సీసీ కెమెరాలు ఉండాలని 2020 డిసెంబరులో పరమ్‌వీర్ సింగ్ సైనీ కేసులో సుప్రీంకోర్టు ఆదేశించింది కనుక, ఫుటేజీ భద్రపరచాలని మొదటి రోజే అడగండి.

2020 అక్టోబరులో ఇలాంటి పిటిషన్లు వింటూనే మన హైకోర్టు ధర్మాసనం, రాష్ట్రంలో రాజ్యాంగ యంత్రాంగం విఫలమైందా అన్న ప్రశ్న లేవనెత్తింది. డిసెంబరులో సుప్రీంకోర్టు దానిపై స్టే ఇచ్చింది. అంత పెద్ద ప్రశ్న దాకా వెళ్లిన వ్యవహారం మొదలైంది మాత్రం ఇంటివాళ్లు సంతకం పెట్టిన కాగితాలతోనే.

1986 నాటి ముందస్తు నిర్బంధ (పీడీ) చట్టం కింద నిర్బంధిస్తే లెక్క వేరు. అక్కడ ఉత్తర్వు చేతిలో ఉంటుంది. దానికిచ్చిన కారణాలు, జతచేసిన పత్రాలు ఆ మనిషికి అర్థమయ్యే భాషలో ఇచ్చారా లేదా అన్నది చూడాలి. తెలుగు, ఇంగ్లిష్ రెండూ చక్కగా వచ్చినవాళ్ల విలువ అక్కడ తెలుస్తుంది. ఇష్టపడి పెళ్లి చేసుకుని వెళ్లిపోయిన కూతురి కోసం ఇదే పిటిషన్ వేయమంటూ వచ్చే తల్లిదండ్రులూ ఉంటారు. అమ్మాయి మేజరైతే కోర్టు ఆమె మాటే వింటుందని ముందే చెప్పేయండి. ఫీజు పోయినా సరే, వాళ్లను భ్రమలో ఉంచకండి.

ఇక దారి. ఇంటర్ తర్వాత అయిదేళ్లు, డిగ్రీ తర్వాత మూడేళ్ల కోర్సు, లాసెట్ ద్వారా ప్రవేశం. ఎన్‌రోల్‌మెంట్‌కు జనరల్ అభ్యర్థుల దగ్గర 750, ఎస్సీ, ఎస్టీల దగ్గర 125 రూపాయలకు మించి తీసుకోకూడదని 2024 జులైలో సుప్రీంకోర్టు తేల్చింది. బార్ పరీక్ష కూడా రాయాలి. జడ్జి కావాలనుకునేవారికి మూడేళ్ల ప్రాక్టీసు తప్పనిసరి అని 2025 మేలో తీర్పు వచ్చింది కాబట్టి, ఈ అనుభవం అటూ పనికొస్తుంది. వయసు దాటిందని వెనకాడేవాళ్లు బాలగోపాల్‌ను గుర్తు చేసుకోండి. కాకతీయ యూనివర్సిటీలో లెక్కలు చెప్పిన మనిషి, తర్వాత లా చదివి హైకోర్టులో పేదల కేసులు వాదించారు.

డబ్బు విషయం దాచను. జూనియర్లకు నెలకు పట్టణాల్లో 20,000, పల్లెల్లో 15,000 రూపాయలు ఇవ్వాలని 2024లో బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా సూచించింది, కానీ అది సూచన మాత్రమే. మొదటి రెండు మూడేళ్లు ఇంట్లోవాళ్ల ఆసరా అవసరం కావచ్చు, ఆ సంగతి చేరకముందే ఇంట్లో మాట్లాడుకోండి. చదువుతుండగానే జిల్లా న్యాయసేవాధికార సంస్థలో పారా లీగల్ వలంటీరుగా చేరే వీలుంటుంది. కస్టడీలో ఉన్నవారికి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలని 1987 చట్టం చెబుతోంది. ఆ సంగతి తెలియని ఇళ్లకు వెళ్లి చెప్పడంతోనే మీ శిక్షణ మొదలవుతుంది.

సీనియర్‌ను ఎంచుకునేటప్పుడు ఎంత పేరున్నవారని కాకుండా, క్లయింటు మాట్లాడుతున్నప్పుడు మిమ్మల్ని పక్కన కూర్చోబెట్టుకుంటారా, మొదటి డ్రాఫ్టు మీ చేత రాయిస్తారా అని అడిగి చేరండి.