గాడిదకు తలకట్టు నేర్పుట

చాకలివారి మూటలను, వడ్డెరవారి రాళ్లను తరతరములుగా మోసిన గాడిదను ఎఱుగని పెద్దలు మన ఖమ్మము, భద్రాచలము సీమలలో నుండరు. 2012లో దేశమున 3 లక్షలకు పైగా నున్న గాడిదలు 2019 పశుగణనములో 1 లక్ష 24 వేలకు తగ్గినవి. మిగిలినవానినైనను వాని స్వభావ మెఱిగి పెంచుట మన విధి.

మనవారు గాడిదను వెనుకనుండి తోలుదురు గాని ముందు నడిచి వెంటబెట్టుకొని పోవుట అరుదు. అయినను పుండునకు మందు పూయుటకు, గిట్టలు చెక్కుటకు, వాగు దాటించుటకు, లారీలు తిరుగు బాటలో ప్రక్కకు తీయుటకు తలకట్టు అవసరము. మోరచుట్టును చెవులవెనుకను అమరు త్రాటికూర్పును తలకట్టందుము. నోటిలో ఇనుపముక్క గలది కళ్లెము.

గుఱ్ఱము భయపడిన పరుగెత్తును. గాడిద తఱచు కదలక నిలుచును. దానినే మనము మొండితనమందుము. ఒకప్పుడు మేము తొందరపడి ఒక గాడిదపిల్ల చెవులను మడిచి త్రాడు దూర్చితిమి. అది కొయ్యబారి నిలిచెను. తరువాత వారము దినములు మా చేతిని దరి చేరనీయలేదు. దానిని పెంచిన ముసలమ్మ, "లాగితే రాదు పంతులుగారూ, అడిగితే వస్తది" అనెను. ఆ మాటనుబట్టి మేము నేర్చుకొన్న క్రమమిది.

మొదట తోడిగాడిదను చెంత నుంచి, మెడను, మూపును గోకవలెను. చెవులను కడపట ముట్టవలెను. మెత్తని వెడల్పైన త్రాటిని వాసన చూడనిచ్చి ఒంటికి రాయవలెను. అది బెదరనినాడు తలకట్టును చెవులమీదుగా దూర్చక, విప్పి చెవులవెనుక కట్టవలెను. ముక్కుపట్టె చెంపయెముకకు కొంచెము దిగువ, గట్టి యెముకపై నుండవలెను. మఱింత దిగినచో ఊపిరికి అడ్డము. రెండు వ్రేళ్లు దూరు సందుండవలెను.

పిమ్మట పగ్గమును మెల్లగా బిగింపుడు. ఒక్క అడుగు వేసిన తక్షణమే సడలింపుడు. ఆ సడలింపే పాఠము. దినమునకు పది నిమిషములు చాలును. ఇది నేర్వకముందు గుంజకు కట్టరాదు. పెనుగులాడి మెడకు గాయము చేసికొనును. అడవిలో మేతకు విడుచునపుడు తలకట్టు తీసివేయవలెను. పొదకు తగులుకొన్నచో ప్రాణాపాయము. బరువు మోయు గాడిదకు కళ్లెమక్కరలేదు. స్వారికిగాని బండికిగాని కావలసినచో, తలకట్టు బాగుగా నలవడిన తరువాత, పండ్లు పరీక్షించియే పెట్టవలెను.

తరగతిలో జవాబు చెప్పక నిలిచిన బాలుని మేమును "గాడిదా" యని తిట్టినవారమే. ఆ పిల్ల యెందుకు నిలిచెనో తెలిసిన తరువాత ఆ మాట మా నోట రాలేదు. ఇప్పుడు నిలిచిన బిడ్డను, భయమేమని ముందుగా అడుగుచున్నాము.