మార్సెల్ పాన్యోల్: బడిపంతులు చిత్రనిర్మాత యైన చరిత్రము

విద్యార్థులారా! చలనచిత్రములన్న మీ కెంతయో మక్కువ. తెరపైఁ గనఁబడు నటుల పేళ్లు మీ నాలుకల నాడుచుండును. కాని కథను వ్రాసినవాఁ డెవఁడు, ధనము సమకూర్చి బాధ్యత వహించినవాఁ డెవఁడు అని యడుగువారు మీలోఁ గొందఱే. ఆ రెండు పనులను దానొక్కఁడే నిర్వహించిన ఫ్రెంచివాఁడు మార్సెల్ పాన్యోల్. ఆయన తొలుత బడిపంతులగుటచే నీ చరిత్రము మాకు మఱింత ప్రియమైనది.

పాన్యోల్ 1895వ సంవత్సరము ఫిబ్రవరి 28వ తేదీని, మార్సెయ్ నగరమునకు సమీపముననున్న ఒబాన్య పట్టణమున జన్మించెను. తండ్రి పాఠశాలోపాధ్యాయుఁడు, తల్లి కుట్టుపని యెఱిగినది. పదునైదవ యేట నాయన తల్లిని గోల్పోయెను. పెద్దవాఁడై ఆంగ్లభాషను బోధించుచుఁ బలు పాఠశాలలందుఁ బనిచేసి, తుదకుఁ బారిసు నగరమందలి కొండోర్సె విద్యాలయమునఁ జేరెను. తీఱిక వేళల నాటకములు వ్రాయుచుండెను.

1928లో ప్రదర్శింపఁబడిన "తోపాజ్" నాటక మాయనకు గొప్ప కీర్తి తెచ్చెను. అందలి నాయకుఁడు పేదపంతులు. ధనికురాలగు నొక తల్లి తన కుమారుని మార్కులు పెంచుమని కోరఁగా నతఁ డొప్పుకొనక యుద్యోగము గోల్పోవును. పిదప మోసగాండ్ర చేతఁ జిక్కి, తుదకు వారినే మించిన మోసగాఁడగును. ఈ నాటకము నవ్వించుచునే మన నొక ప్రశ్న యడుగుచున్నది: తరగతిగది గోడలపై వ్రాసిన నీతులు కష్టకాలమున మనలో నిలుచునా?

అంతలో టాకీలు వచ్చెను. నాటకమునకు టాకీ శత్రువని పలువురు తలఁపఁగా, దానిని నాటకమునకుఁ గ్రొత్త వాహనమని పాన్యోల్ గ్రహించెను. ఆయన "మార్యుస్" నాటకమును 1931లో అలెగ్జాండర్ కోర్డా చిత్రముగాఁ దీసెను. అప్పుడు పాన్యోల్ చిత్రశాలలోని పనులను శ్రద్ధతోఁ బరిశీలించి, పిదప సొంత సంస్థను నెలకొల్పి, మార్సెయ్‌లోఁ జిత్రశాలను గూడ నిర్మించుకొనెను. తన కథలను దానే వ్రాసి, తన ధనముతోఁ దీసెను. 1934 నాఁటి "ఆంజెల్" చిత్రమును స్వదేశపు కొండలలో, ఆరుబయటఁ జిత్రీకరించెను. 1938 నాఁటి "రొట్టెలవాని భార్య"యందు, ఇల్లాలు విడిచిపోఁగా దుఃఖముచేఁ బని మానిన యొక రొట్టెలవానికై యూరివారందఱు తమ వైరములను మఱచి యేకమగుదురు.

1940లో జర్మనులు ఫ్రాన్సును జయించిరి. వారు స్థాపించిన చిత్రసంస్థతోఁ జేరుటకుఁ బాన్యోల్ సమ్మతింపలేదు. 1941లో నారంభించిన తన చిత్రము వారి పాలు గాకుండుటకై, దానిని దానే నాశనము చేయించెను. చిత్రశాలను గోమోన్ అను ఫ్రెంచి సంస్థకు విక్రయించెను. ఎంతో శ్రమతోఁ గూర్చిన సొత్తు నిట్లు వదలుకొనుట సామాన్యమా?

1946లో ఫ్రెంచి అకాడమీ యాయనను సభ్యునిగా నెన్నుకొనెను. చలనచిత్రకారులలో నా గౌరవము మొదటఁ బొందినవాఁ డాయనయే. 1957లోఁ దన బాల్యమును, పంతులగు తండ్రిని గూర్చి "నా తండ్రి వైభవము" అను గ్రంథమును వెలువరించి, 1974 ఏప్రిల్ 18న బారిసులో మరణించెను.

తోపాజ్ పంతులు గోడమీఁది నీతులను విడిచెను. ఆతని సృజించినవాఁడు నష్టమునకోర్చి తన నీతిని నిలుపుకొనెను. బాలురారా, మార్కుల కొఱకై మా యొద్దకు మీ తలిదండ్రులను బంపఁదలఁచినపు డీ యిరువురను జ్ఞాపకము చేసికొనుఁడు. మేమును జ్ఞాపకము చేసికొందుము.